ప్రయాణికులు తిరిగి వచ్చిన తరువాత

కోవిడ్ మహమ్మారి తరువాత ప్రపంచ విమానయాన పరిశ్రమ ఎలా ఉందన్నది ఈనాటి ప్రసంగ విషయం. 2020లో ఆకాశం ఖాళీ అయినప్పుడు ఆ పరిశ్రమను గమనిస్తున్నవారందరినీ ఒకే ప్రశ్న పీడించింది. జనం మళ్ళీ విమానం ఎక్కుతారా? ఇంట్లో కూర్చుని పనిచేయడానికీ, కంప్యూటర్ తెర మీదే సమావేశాలు జరుపుకోవడానికీ అలవాటుపడిన లోకానికి ఇక విమానంతో పని ఉంటుందా? ఈ ప్రశ్నకు కాలం తేటతెల్లంగా జవాబు చెప్పింది. జనం ఎక్కారు, మునుపటికంటే ఎక్కువ మందే ఎక్కారు. అయితే ఆ రోజులలో అంత గట్టిగా ఎవరూ అడగని మరొక ప్రశ్న ఉంది. జనం తిరిగి వచ్చేసరికి వారిని మోయడానికి విమానాలు, ఆ విమానాలకు ఇంజన్లు, ఆ ఇంజన్లను విప్పి మళ్ళీ బిగించగల పనివాళ్ళు సిద్ధంగా ఉంటారా? ఉండలేదు. ప్రయాణికులు మూడు నాలుగేళ్ళలో తిరిగి వచ్చారు గాని, విమానాలూ ఇంజన్లూ నిపుణులూ ఆ వేగంతో తిరిగి రాలేదు. ఈ ప్రసంగమంతా ఆ వెలితి చుట్టూనే తిరుగుతుంది.

ముందుగా పతనం ఎంత లోతుకు పోయిందో గుర్తు చేసుకోవాలి. 2019లో ప్రపంచమంతటా విమానాలు దాదాపు 450 కోట్ల ప్రయాణికులను మోశాయి. మరుసటి ఏడాది ఆ సంఖ్య 180 కోట్లకు పడిపోయింది. అంకెలు గుర్తుండకపోయినా ఫరవాలేదు. ప్రతి ఐదుగురు ప్రయాణికులలో ముగ్గురు కనిపించకుండా పోయారని గుర్తుంటే చాలు. మన దేశంలో 2020 మార్చి 25 నుంచి రెండు నెలల పాటు దేశీయ విమానాలు పూర్తిగా ఆగిపోయాయి. విదేశాలకు తేదీ, వేళ ప్రకారం నడిచే మామూలు విమానాలైతే 2022 మార్చి 27 దాకా, అంటే రెండేళ్ళ పాటు, మొదలు కాలేదు. ఈ మధ్య కాలంలో గల్ఫ్ దేశాలలోనూ అమెరికాలోనూ చిక్కుకుపోయిన తెలుగువారు ఎందరో. వారిలో కొందరు వందే భారత్ మిషన్ పేరుతో ప్రభుత్వం నడిపిన ప్రత్యేక విమానాలలో ఇళ్ళకు చేరారు. మరికొందరు రెండు దేశాల ప్రభుత్వాలు తమలో తాము ఒప్పుకుని నడిపిన పరిమిత సర్వీసులలో, అంటే ఎయిర్ బబుల్ అని ఆనాడు అందరూ చెప్పుకున్న ఏర్పాటు కింద, రాకపోకలు సాగించారు. కన్నవారి ఆఖరి చూపుకు కూడా నోచుకోలేక అక్కడే ఉండిపోయినవారి బాధ మాత్రం ఏ లెక్కల పుస్తకంలోనూ కనబడదు.

ఇటువంటి దెబ్బకు విమానయాన సంస్థలు అంత త్వరగా ఎందుకు కుప్పకూలుతాయి? విమానంలోని సీటు పొద్దున్నే బజారుకు వచ్చిన ఆకుకూర వంటిది. సాయంత్రంలోగా అమ్ముడుపోకపోతే వాడిపోయినట్టే, దాన్ని మర్నాటికి దాచి అమ్మే వీలు లేదు. సీటు అమ్ముడుపోకపోయినా విమానం అద్దె కట్టాలి, పైలట్లకు జీతాలివ్వాలి, విమానాన్ని నిలిపి ఉంచిన చోటుకు కూడా డబ్బు చెల్లించాలి. అందువల్లనే 2020 ఒక్క సంవత్సరంలో ప్రపంచ విమానయాన సంస్థలు మొత్తం మీద 13,000 కోట్ల డాలర్లకు పైగా నష్టపోయాయి. ప్రభుత్వాలు ముందుకు రాకపోతే వాటిలో చాలా భాగం ఈనాడు ఉండేవి కావు. అమెరికా ప్రభుత్వం ఉద్యోగుల జీతాల కోసమే సంస్థలకు నేరుగా డబ్బు ఇచ్చింది. జర్మనీ ప్రభుత్వం లుఫ్తాన్సాను నిలబెట్టడానికి 900 కోట్ల యూరోల సహాయం ప్రకటించి, అందులో 20 శాతం వాటా తీసుకుని, సంస్థ కోలుకున్నాక 2022లో ఆ వాటాను పూర్తిగా అమ్మి బయటికి వచ్చింది. అటువంటి అండ దొరకని చోట కథ వేరుగా నడిచింది. దక్షిణ అమెరికాలో అతి పెద్ద సంస్థ అయిన లాటామ్, కొలంబియాకు చెందిన అవియాంకా, మెక్సికోకు చెందిన ఏరోమెక్సికో, ఈ మూడూ రెండు నెలల వ్యవధిలో అమెరికా దివాలా చట్టం నీడకు చేరాయి. డెబ్బై ఏళ్ళకు పైబడిన చరిత్ర గల ఇటలీ జాతీయ సంస్థ అలిటాలియా 2021 అక్టోబర్ 14న ఆఖరిసారి ఎగిరింది.

ఎగరని విమానాలను ఏం చేశారన్నది చాలామందికి తెలియని సంగతి. విమానం ఆగి ఉంటే క్షేమంగా ఉంటుందని అనిపిస్తుంది గాని, నిజానికి ఆగిపోయిన విమానం రోజురోజుకూ పాడవుతుంది. గాలిలోని తేమ లోహాన్ని తింటుంది, ఒకే చోట బరువు మోసి టైర్లు నొక్కుకుపోతాయి. వేగాన్ని కొలిచే సన్నని గొట్టాలలో పురుగులు గూళ్ళు పెడతాయి, ఇంజన్ నోటిలో పక్షులు కాపురం పెడతాయి. అందుకే తేమ తక్కువగా ఉండే పొడి ప్రాంతాలకు, స్పెయిన్‌లోని తెరూయెల్‌కూ, ఆస్ట్రేలియా నడిబొడ్డున ఉన్న ఆలిస్ స్ప్రింగ్స్‌కూ, కాలిఫోర్నియాలోని విక్టర్‌విల్‌కూ వందలాది విమానాలను చేర్చారు. అక్కడ వాటి ఇంజన్లకు మూతలు బిగించి, కిటికీలను మెరిసే రేకులతో కప్పి, కొన్నాళ్ళకొకసారి చక్రాలను తిప్పుతూ కాపాడారు.

విక్టర్‌విల్ ఉన్నది మోహావీ ఎడారిలో. ఆస్ట్రేలియా సంస్థ క్వాంటాస్ తన ఏ380 విమానాలను, అంటే రెండంతస్తుల భారీ విమానాలను, అక్కడ నిలిపి ఉంచింది. ఆ ఎడారిలో వేడెక్కిన టైర్ల చుట్టూ విషం గల గిలక్కాయ పాములు చుట్టుకుని పడుకునేవి, తేళ్ళు కూడా ఉండేవి. అందుకని ఇంజనీర్లు విమానాన్ని పరీక్షించడానికి ముందు, చీపురు కర్రను సవరించి చేసుకున్న ఒక పొడవాటి కర్రతో చక్రాల మీద తట్టి, కాలితో నేలను గట్టిగా మోది, వాటిని అదిలించి, ఆ తరువాతే విమానం కిందికి వెళ్ళేవారు. ఒక్కొక్క విమానానికి ఒక్కొక్క కర్రను కేటాయించి, దాని మీద ఆ విమానం గుర్తును కూడా రాసుకున్నారు. వందలాది మందిని మోయవలసిన విమానం పాముల మధ్య పడుకుని ఉండగా, దాన్ని బతికించి ఉంచిన ఆ కొద్దిమంది పనివాళ్ళను ఈ పరిశ్రమ ఎంత గౌరవించినా తక్కువే.

మరొక మార్పు కూడా ఆ రోజులలోనే జరిగింది. ప్రపంచంలో విమానాల మీద సాగే సరుకు రవాణాలో దాదాపు సగం, ప్రయాణికుల విమానాల అడుగు భాగంలోనే వెళుతుందన్నది మామూలు ప్రయాణికుడు ఊహించని సంగతి. ప్రయాణికులు తిరిగే విమానాలు ఆగిపోవడంతో మందులు, మాస్కులు తెచ్చే దారి కూడా మూసుకుపోయింది. అప్పుడు కొన్ని సంస్థలు సీట్లు ఊడదీసి, మనుషులు కూర్చునే చోట మాస్కుల పెట్టెలు పేర్చి విమానాలు నడిపాయి. ఆ సరుకు ఆదాయమే చాలా సంస్థలకు ఆ రెండేళ్ళూ ఊపిరి పోసింది.

ఇక 2022 వేసవికి వద్దాం. ఆంక్షలు సడలించగానే ఐరోపాలో జనం ఒక్కసారిగా విమానాశ్రయాల మీదికి వచ్చిపడ్డారు. జనం ఉన్నారు, టికెట్లు ఉన్నాయి, పెట్టెలు ఎత్తే మనుషులు లేరు. మహమ్మారి కాలంలో ఉద్యోగాలు పోయిన సామాను కూలీలు, భద్రతా సిబ్బంది, కౌంటర్ ఉద్యోగులు అప్పటికే వేరే పనులలో కుదురుకున్నారు. కొత్తవారిని తీసుకుందామంటే, విమానాశ్రయంలో రన్‌వే వైపు అడుగుపెట్టే ప్రతి మనిషి పూర్వాపరాలను ప్రభుత్వం విచారించాలి కనుక ఆ పనికి వారాలూ నెలలూ పట్టింది. లండన్‌లోని హీత్రో విమానాశ్రయం ఆ జులైలో, రోజుకు లక్ష మందికి మించి బయలుదేరడానికి వీల్లేదని హద్దు గీసి, ఇక టికెట్లు అమ్మవద్దని విమానయాన సంస్థలనే కోరవలసి వచ్చింది. అదే నెలలో అమెరికా సంస్థ డెల్టా, హీత్రో నుంచి డెట్రాయిట్‌కు ఒక పెద్ద విమానాన్ని నడిపింది. అందులో ఒక్క ప్రయాణికుడు కూడా లేడు. యజమానులను చేరలేక లండన్‌లో గుట్టలుగా పడిపోయిన వెయ్యి పెట్టెలు మాత్రమే అట్లాంటిక్ సముద్రాన్ని దాటి వెళ్ళాయి. లెక్కల పుస్తకంలో ఒక ఖర్చుగా కొట్టివేసిన మనిషి విలువ ఆ వెయ్యి పెట్టెల దగ్గర తెలిసింది.

ఈ సంగతిని మళ్ళీ ఒకసారి చెప్పుకోవడం అవసరం. డిమాండ్, అంటే ప్రయాణం చేయాలనే కోరిక, త్వరగా తిరిగి వచ్చింది. సామర్థ్యం, అంటే ఆ ప్రయాణాన్ని జరిపించే శక్తి, వెనకబడింది. 2024 నాటికి ప్రపంచ విమాన ప్రయాణం 2019 స్థాయిని దాటిపోయింది. ఆ ఏడాది విమానాలలో ప్రతి వంద సీట్లలో సగటున 83 సీట్లకు పైగా నిండాయి. అంత నిండుగా విమానాలు అంతకుముందు ఎన్నడూ ఎగరలేదు. అయినా అన్ని ఖర్చులూ పోగా ఒక్కొక్క ప్రయాణికుడి మీద విమానయాన సంస్థలకు మిగిలినది సగటున సుమారు 7 డాలర్లు, అంటే మన రూపాయలలో 600 దరిదాపు. హైదరాబాద్‌లో ఇద్దరు కూర్చుని బిర్యానీ తింటే ఆ డబ్బు సరిపోతుందో లేదో. టికెట్ ధర చూసి విమాన సంస్థలు దోచుకుంటున్నాయని కోపం రావడం సహజమే గాని, ఆ ధరలో సింహభాగం ఇంధనానికీ, విమానం అద్దెకూ, మరమ్మతుకూ, విమానాశ్రయాలకూ, పన్నులకూ పోతుంది. ఆకాశంలో ఎగిరే సంస్థలు వందల సంఖ్యలో ఉన్నాయి. వాటికి పెద్ద విమానాలు తయారు చేసి ఇచ్చేవి మాత్రం ముఖ్యంగా రెండే, అమెరికాకు చెందిన బోయింగ్, ఐరోపాకు చెందిన ఎయిర్‌బస్. ఇంజన్లు చేసేవారిని లెక్కపెట్టడానికి ఒక చేతి వేళ్ళు చాలు. అందువల్ల ఆ కొద్దిమందిలో ఎవరి కర్మాగారంలో ఏ పొరపాటు జరిగినా దాని దెబ్బ ప్రపంచమంతటికీ తగులుతుంది.

బోయింగ్ కష్టాలు మహమ్మారికి ముందే మొదలయ్యాయి. 737 మ్యాక్స్ రకం విమానాలు 2018 అక్టోబర్‌లో ఇండోనేషియాలో ఒకటి, 2019 మార్చిలో ఇథియోపియాలో ఒకటి కూలి, మొత్తం 346 మంది మరణించారు. ఆ రకం విమానాలను ప్రపంచమంతటా ఆపివేశారు. వాటిపై నిషేధం తొలగుతున్న సమయానికి మహమ్మారి వచ్చి ఉన్నది, అనుభవం గల ఉద్యోగులు వేల సంఖ్యలో కర్మాగారాలను విడిచి వెళ్ళారు. ఆ తరువాత 2024 జనవరి 5న, అమెరికాలోని పోర్ట్‌లాండ్ నుంచి బయలుదేరిన అలాస్కా ఎయిర్‌లైన్స్ విమానం సుమారు 14,800 అడుగుల ఎత్తున ఉండగా, వాడకంలో లేని తలుపు స్థానాన్ని మూసి ఉంచే ఒక పలక ఊడి కిందపడింది. అదృష్టవశాత్తు ఆ పక్క సీటులో ఎవరూ లేరు, ఎవరి ప్రాణమూ పోలేదు. విచారణలో తేలిన సంగతి ఏమంటే, కర్మాగారంలో వేరే మరమ్మతు కోసం ఆ పలకను తెరిచి, తిరిగి మూసేటప్పుడు దాన్ని పట్టి ఉంచవలసిన నాలుగు బోల్టులను బిగించలేదు. నాలుగు బోల్టులు. ఈ పరిశ్రమలో పనితనం అంటే ఏమిటో చెప్పడానికి ఇంతకంటే చిన్న ఉదాహరణ దొరకదు, ఇంతకంటే పెద్ద ఉదాహరణా దొరకదు. దాని తరువాత బోయింగ్ నెలకు 38కి మించి ఆ రకం విమానాలను తయారు చేయరాదని అమెరికా నియంత్రణ సంస్థ ఆంక్ష పెట్టింది.

దీని ఫలితం లోకమంతా అనుభవిస్తున్నది. ఆర్డరు పెట్టి, విమానం ఎప్పుడు చేతికి వస్తుందా అని సంస్థలు ఎదురు చూస్తున్న విమానాల సంఖ్య 2024 చివరికి 17,000కు చేరింది. ఆనాటి తయారీ వేగంతో ఆ వరుస కరగడానికి పదేళ్ళకు పైగా పడుతుంది. కొత్తవి రానప్పుడు పాతవాటినే నడపాలి. పాత విమానం ఎక్కువ ఇంధనం తాగుతుంది, ఎక్కువ మరమ్మతులు అడుగుతుంది, ఎక్కువ పొగ వదులుతుంది. ఇక ఎగరవు అని అందరూ అనుకున్న ఏ380లను లుఫ్తాన్సా 2023లో నిలిపి ఉంచిన చోటు నుంచి రప్పించి మళ్ళీ నడిపిందంటే కారణం ఇదే.

దారులు కూడా పొడవయ్యాయి. 2022 ఫిబ్రవరిలో ఉక్రెయిన్ యుద్ధం మొదలైన తరువాత ఐరోపా విమానాలకు రష్యా గగనతలం మూతపడటంతో, ఆసియాకు దగ్గరి దారినే తన బలంగా చేసుకున్న ఫిన్లాండ్ సంస్థ ఫిన్‌ఎయిర్, హెల్సింకి నుంచి టోక్యోకు తొమ్మిదిన్నర గంటల దరిదాపు పట్టే ప్రయాణానికి 13 గంటలు వెచ్చించవలసి వచ్చింది. దారి పొడవైతే ఒక విమానం చేసే పనికి మరికొంత విమానం కావాలి. ఉన్న విమానాలే చాలని కాలంలో ఇది మరో బరువు.

ఇప్పుడు ఇంజన్ల సంగతి. ఇది మన దేశానికి బాగా దగ్గరి సంగతి కనుక కొంచెం నెమ్మదిగా చెప్పుకోవాలి. అమెరికాకు చెందిన ప్రాట్ అండ్ విట్నీ ఒక కొత్త రకం ఇంజన్ తయారు చేసింది. ఇంజన్ ముందు భాగంలో పెద్ద పంఖా ఉంటుంది, వెనక భాగంలో వేడి వాయువుల తాకిడికి తిరిగే టర్బైన్ ఉంటుంది. మామూలు ఇంజన్‌లో పంఖా, దాన్ని తిప్పే టర్బైన్ ఒకే ఇరుసు మీద ఒకే వేగంతో తిరుగుతాయి. ఈ కొత్త ఇంజన్‌లో ఆ రెండింటి మధ్య గేర్లు పెట్టి, పంఖాను నెమ్మదిగా, టర్బైన్‌ను వేగంగా తిరగనిచ్చారు. దానితో ఇంధనం ఆదా అయింది, చప్పుడు తగ్గింది. ఎయిర్‌బస్ ఏ320నియో విమానాలకు అమర్చిన ఈ ఇంజన్లను మన దేశంలో ఇండిగో, గో ఫస్ట్ సంస్థలు పెద్ద సంఖ్యలో తీసుకున్నాయి. అయితే అవి అనుకున్న కాలం కంటే ముందే మరమ్మతుకు రావడం మొదలైంది. మరమ్మతు కేంద్రాలలో చోటు లేదు, మార్చి బిగించడానికి అదనపు ఇంజన్లు లేవు. ఇంజన్ లేని విమానం రెక్కలున్న గది మాత్రమే. తన విమానాలలో దాదాపు సగం ఇంజన్లు లేక నేలకు అంటుకుపోయాయని చెప్పి గో ఫస్ట్ 2023 మే 2న దివాలా రక్షణ కోరింది. ఆ వాదనను ఇంజన్ తయారీదారు అంగీకరించలేదు. ఎవరి వాదన ఎలా ఉన్నా ఆ సంస్థ మళ్ళీ ఎగరలేదు.

అది జరిగిన రెండు నెలలకు, 2023 జులైలో, మరో లోపం బయటపడింది. ఆ ఇంజన్లలోని టర్బైన్ చక్రాలను లోహపు పొడిని విపరీతమైన ఒత్తిడితో అచ్చుపోసి తయారు చేస్తారు. కొన్నేళ్ళ పాటు తయారైన ఆ పొడిలో కంటికి కనబడని మలినం కలిసిందనీ, దానివల్ల చక్రాలలో పగుళ్ళు రావచ్చుననీ తేలింది. పగులు వచ్చిన చక్రం గాలిలో ఉండగా విరిగితే జరిగే ప్రమాదాన్ని ఊహించవచ్చు. కనుక వందలాది ఇంజన్లను రెక్కల నుంచి దించి పరీక్షించవలసి వచ్చింది. ఒక ఇంజన్ దిగి, తనిఖీ ముగించుకుని తిరిగి రెక్క మీదికి రావడానికి పది నెలల దాకా పట్టే పరిస్థితి ఏర్పడింది. ఒక దశలో ఇండిగోవి డెబ్బైకి పైగా విమానాలు ఎగరలేక నిలిచిపోయాయి.

గో ఫస్ట్ మూతపడటంతో మరొక చిక్కు వెలుగు చూసింది. విమానయాన సంస్థలు నడిపే విమానాలలో చాలా భాగం వాటి సొంతం కావు. అద్దెకిచ్చే సంస్థలు వేరే ఉంటాయి, వాటిలో చాలావాటికి ఐర్లండ్ స్థావరం. అద్దె రానప్పుడు విమానాన్ని వెనక్కి తీసుకుపోయే హక్కు వాటికి అంతర్జాతీయ ఒప్పందం ప్రకారం ఉన్నా, మన దివాలా చట్టం కింద ఆస్తులను కదిలించరాదన్న నియమం అడ్డు వచ్చింది. చివరికి 2024 ఏప్రిల్‌లో ఢిల్లీ హైకోర్టు ఆదేశంతో 54 విమానాలకు విముక్తి కలిగింది. అప్పటికి అవి ఏడాది పాటు ఎండకూ వానకూ నిలిచి ఉన్నాయి. ఈ అనుభవం తరువాతే 2025లో పార్లమెంటు ఆ హక్కును కాపాడే ప్రత్యేక చట్టం చేసింది. అద్దెకిచ్చేవారికి భయం ఉంటే అద్దె పెరుగుతుంది, అద్దె పెరిగితే టికెట్ పెరుగుతుంది. కోర్టు గదిలో జరిగిన ఆ వాదనకూ సామాన్యుడి జేబుకూ సంబంధం అక్కడే ఉంది.

భవిష్యత్తు మీద మన సంస్థలకు నమ్మకం లేకపోలేదు. 2023లోనే ఎయిర్ ఇండియా 470 విమానాలకు, ఇండిగో ఒకేసారి 500 విమానాలకు ఆర్డర్లు ప్రకటించాయి. అయితే దేశీయ ప్రయాణికులలో ప్రతి పదిమందిలో తొమ్మిదిమంది ఈ రెండు సంస్థల గొడుగుల కిందికే రావడం ఆందోళన కలిగించవలసిన విషయం. 2025 డిసెంబర్ తొలి వారంలో అది అందరికీ అనుభవంలోకి వచ్చింది. పైలట్లకు వారానికి ఇవ్వవలసిన విశ్రాంతిని 36 గంటల నుంచి 48 గంటలకు పెంచి, ఒక్కో పైలట్ రాత్రివేళ విమానాన్ని దింపే సార్లను తగ్గిస్తూ ప్రభుత్వం పెట్టిన నియమాలు అప్పటికి పూర్తిగా అమలులోకి వచ్చాయి. వాటికి తగినంతమంది పైలట్లతో సిద్ధం కాలేకపోయిన ఇండిగో వేలాది సర్వీసులను రద్దు చేయవలసి వచ్చింది. విమానాశ్రయాలలో జనం నేల మీద పడుకున్నారు, పెళ్ళిళ్ళకూ పరీక్షలకూ అందుకోలేకపోయినవారు ఎందరో. ఒత్తిడికి తలొగ్గి నియంత్రణ సంస్థ ఆ నియమాలలో కొన్నింటి నుంచి తాత్కాలికంగా మినహాయింపు ఇచ్చింది. అలసిన పైలట్‌కు నిద్ర ఇవ్వాలన్న నియమం ముమ్మాటికీ సరైనది. ముందుగానే తెలిసిన ఆ నియమానికి మనుషులను సమకూర్చుకోకపోవడమే తప్పు. 2022లో హీత్రోలో పెట్టెలు ఎత్తేవారు కరువైనట్టే, ఇక్కడ విమానం నడిపేవారు కరువయ్యారు. రెండు చోట్లా కొరత మనుషులదే.

ఆ కొరతను తీర్చే ప్రయత్నం ఒకటి తెలుగు నేల మీద కూడా మొదలైంది. మన విమానాలలో చాలావాటికి ఉన్న లీప్ అనే మరో రకం ఇంజన్‌ను సమగ్రంగా విప్పి బాగుచేయాలంటే ఇంతవరకు విదేశాలకు పంపవలసి వచ్చేది. ఆ ఇంజన్ తయారీలో భాగస్వామి అయిన ఫ్రాన్స్ సంస్థ సాఫ్రాన్ నిర్మించిన మరమ్మతు కేంద్రం 2025 నవంబర్‌లో హైదరాబాద్ శంషాబాద్ విమానాశ్రయం పక్కన ప్రారంభమైంది. పూర్తి స్థాయికి చేరాక ఏడాదికి 300 ఇంజన్ల దాకా అక్కడ బాగుచేయగలరు. భవనం లేచింది, యంత్రాలు వచ్చాయి. ఒక టర్బైన్ చక్రాన్ని చేతిలోకి తీసుకుని, దీపం వెలుగులో దాని అంచున వెంట్రుకకన్నా సన్నని పగులును పట్టుకోగల కన్ను తయారు కావడానికి మాత్రం ఏళ్ళు పడుతుంది. ఆ శిక్షణకు కూర్చుంటున్న యువతీ యువకుల ముందు బల్ల మీద ఇంజన్ విప్పి ఉంది, పక్కన విప్పవలసినవి వరుసలో ఉన్నాయి.